ఈటె మీది అంకె: 70 మీటర్ల శ్రేణి జావెలిన్‌తో ఒక ఏడాది

ఈ సమీక్ష పురుషుల 800 గ్రాముల జావెలిన్ ఒకదాని గురించి. అల్యూమినియం కాండం, ఉక్కు మొన, తెల్లటి నూలు తాడు చుట్టిన పట్టు, తోక దగ్గర ఎర్ర రంగులో 70 అన్న అంకె: ఇదీ దీని రూపం. మీరట్‌లో తయారైన ఈ ఈటెను కిందటి ఏడాది జూన్‌లో తెప్పించాను. పన్నులూ రవాణా ఖర్చూ కలిపి 9,400 రూపాయలైంది. తయారీదారు పేరు కావాలనే రాయడం లేదు, ఎందుకంటే నేను చెప్పబోయే మంచిచెడ్డల్లో ఎక్కువ భాగం ఈ ధరలో, ఈ శ్రేణిలో దొరికే ఏ ఈటెకైనా వర్తిస్తుంది. ఒక్క ఫిర్యాదు మాత్రం ఆ సంస్థకే చెందుతుంది, దాని సంగతి తర్వాత చెబుతాను.

నేను వరంగల్ ప్రాంతంలో వ్యాయామ ఉపాధ్యాయుణ్ణి. మా బడిలో చదివి ఇప్పుడు డిగ్రీలో ఉన్న పద్దెనిమిదేళ్ల కుర్రవాడొకడు నా దగ్గరే సాధన చేస్తున్నాడు. ఈటె కొనాలనుకున్న రోజున వాడు ఫోన్‌లో ఒక వీడియో చూపించి, "సార్, నాకు తొంభై మీటర్లది తెప్పించండి" అన్నాడు, అంటే తోక దగ్గర 90 అన్న అంకె ఉన్న ఈటె. ఆ వీడియో 2016 జులైలో పోలండ్‌లోని బిద్‌గోష్చ్ నగరంలో జరిగిన ప్రపంచ అండర్-20 అథ్లెటిక్స్ చాంపియన్‌షిప్స్ జావెలిన్ ఫైనల్‌ది. జావెలిన్ మీద ఆశ పెట్టుకున్న ప్రతి కుర్రవాడూ దాన్ని ఎన్నిసార్లు చూసి ఉంటాడో లెక్కలేదు. నేను కూడా చూశాను, కానీ వాడు చూసినదీ నేను చూసినదీ ఒకటి కాదు. ఈ ఈటెను ఎందుకు ఎంచుకున్నానో చెప్పాలంటే ఆ ఫైనల్ నుంచే మొదలుపెట్టాలి.

జులై 23న జరిగిన ఆ ఫైనల్‌లో నీరజ్ చోప్రా మొదటి ప్రయత్నంలో 79.66 మీటర్లు విసిరాడు. రెండో ప్రయత్నంలో 86.48. లాత్వియాకు చెందిన జిగిస్మండ్స్ సిర్మాయిస్ పేరిట 2011 నుంచి ఉన్న 84.69 మీటర్ల ప్రపంచ జూనియర్ రికార్డు ఆ ఒక్క విసురుతో చెరిగిపోయింది. దక్షిణాఫ్రికాకు చెందిన యోహాన్ గ్రోబ్లర్ 80.59తో రజతం, గ్రెనడాకు చెందిన ఆండర్సన్ పీటర్స్ 79.65తో కాంస్యం గెలిచారు. అంటే పీటర్స్‌కు పతకం తెచ్చిన దూరం నీరజ్ తొలి విసురు కంటే ఒక సెంటీమీటరు తక్కువ. రెండో విసురు అసలు లేకపోయినా నీరజ్‌కు పతకం దక్కేది, కాకపోతే రంగు మారేది. పీటర్స్ తర్వాత 2019లోనూ 2022లోనూ సీనియర్ ప్రపంచ విజేత అయ్యాడు. అదే బిద్‌గోష్చ్ పోటీలకు పాకిస్తాన్ నుంచి వచ్చిన అర్షద్ నదీమ్ ఫైనల్‌కు చేరలేదు. ఎనిమిదేళ్ల తర్వాత పారిస్ ఒలింపిక్స్‌లో 92.97తో స్వర్ణం అతనిదే, 89.45తో నీరజ్ రెండు, 88.54తో పీటర్స్ మూడు. ఒక జూనియర్ పోటీకి వచ్చిన ముగ్గురు, వేరే వరుసలో, ఒలింపిక్ వేదిక మీద నిలబడ్డారు. నీరజ్ విసిరిన 86.48 ఆ ఏడాది రియో ఒలింపిక్స్‌లో కాంస్యం గెలిచిన కెషార్న్ వాల్కాట్ 85.38 కంటే ఎక్కువే, కానీ అర్హతకు గడువు జులై 11తోనే ముగిసిపోవడంతో రియోకు వెళ్లే వీలు లేకపోయింది. వాల్కాట్ కూడా ఈ దారినే వచ్చినవాడు. 2012లో బార్సిలోనాలో 78.64తో ప్రపంచ జూనియర్ విజేత అయి, నెల తిరగకుండానే లండన్‌లో 84.58తో ఒలింపిక్ విజేత అయ్యాడు.

జూనియర్ స్థాయి నుంచి సీనియర్ స్థాయికి ఇంత త్వరగా దాటిపోవడం జావెలిన్‌లో సాధ్యం కావడానికి ఒక కారణం పరికరంలోనే ఉంది. అండర్-20 పురుషులకు షాట్‌పుట్ గుండు 6 కిలోలు, డిస్కస్ 1.75 కిలోలు, హ్యామర్ 6 కిలోలు. ఇవన్నీ సీనియర్ల పరికరాల కంటే తేలికైనవి. జావెలిన్‌కు ఈ మినహాయింపు లేదు. అండర్-18లో 700 గ్రాములు విసిరే కుర్రవాడు ఆ వయసు దాటగానే 800 గ్రాముల పూర్తి ఈటె పట్టుకోవాల్సిందే. కాబట్టి బిద్‌గోష్చ్‌లో నమోదైన 86.48ని ఏ సీనియర్ అంకె పక్కనైనా నేరుగా పెట్టి చూడవచ్చు. అదే కారణంగా మా వాడిలాంటి పిల్లలకు ఒక పొరపాటు అభిప్రాయం కూడా ఏర్పడుతుంది: నీరజ్ చేతిలో ఉన్నదీ నా చేతిలో ఉండాల్సినదీ ఒకే బరువైనప్పుడు, ఒకే రకం ఎందుకు కాకూడదు?

బరువు ఒకటే, రకం ఒకటి కాదు. ఈటె మీద తయారీదారులు వేసే 60, 70, 80, 90 అన్న అంకెలను చాలామంది ఆ ఈటె వెళ్లగల దూరంగా చదువుకుంటారు. నిజానికి అది ఆ ఈటెను ఏ స్థాయి విసురు కోసం రూపొందించారో చెప్పే అంకె. ఈటెకు రెక్కలు రావు కదా, 90 అని రాసి ఉన్నంత మాత్రాన అది తనంతట తాను ఒక్క మీటరు కూడా ఎక్కువ పోదు. పైగా తగని చేతిలో పడితే తక్కువే పోతుంది.

ఇందుకు మూలం ఈ క్రీడ చరిత్రలోనే ఉంది. 1984 జులైలో తూర్పు బెర్లిన్‌లో ఊవె హోన్ 104.80 మీటర్లు విసిరాడు. అప్పటి ఈటెలు గాలిలో తేలుతూ పోయి, చాలాసార్లు నేలకు సమాంతరంగా పడేవి. మొన ముందు తగిలిందా, పొట్ట ముందు తగిలిందా అని అధికారులు తల పట్టుకునేవారు. దూరాలేమో స్టేడియం హద్దులకు చేరువవుతున్నాయి. అందుకని 1986 నుంచి పురుషుల ఈటె గురుత్వ కేంద్రాన్ని, అంటే ఈటె అటూ ఇటూ ఒరగకుండా నిలిచే చోటును, 4 సెంటీమీటర్లు మొన వైపు జరిపారు. అప్పటి నుంచి ఈటె గాలిలో ముక్కు వంచుకుని మొనతో నేలను తాకడం మొదలైంది, దూరాలూ తగ్గాయి. తర్వాత తోక భాగాన్ని గరుకుగా తయారుచేసి పోయిన మీటర్లను వెనక్కి తెచ్చుకోవాలని చూశారు. 1991లో దాన్నీ నిషేధించి, అలాంటి ఈటెలతో సాధించిన రికార్డులను కొట్టివేశారు. ఫిన్లాండ్‌కు చెందిన సెప్పో రాటీ విసిరిన 96.96 అలా పోయిందే. ఇప్పటి ప్రపంచ రికార్డు 98.48, యాన్ జెలెజ్నీ 1996లో జర్మనీలోని యేనాలో విసిరినది, ఈ మార్పుల తర్వాతి ఈటెతో సాధించినదే.

నియమాలు ఇంత బిగించినా తయారీదారుకు కొంత చోటు మిగిలింది. పొడవు 2.60 నుంచి 2.70 మీటర్ల మధ్య, గురుత్వ కేంద్రం మొన నుంచి 90 నుంచి 106 సెంటీమీటర్ల మధ్య ఎక్కడైనా ఉండవచ్చు. ఆ హద్దుల లోపల తోక ఎంత సన్నగా ఉండాలి, తల ఎంత లావుగా ఉండాలి, కాండం ఎంత బిరుసుగా ఉండాలి అన్నవి మార్చుకుంటూ పోతే వేర్వేరు శ్రేణులు తయారవుతాయి. తక్కువ శ్రేణి ఈటె ముక్కు నెమ్మదిగా వంచుతుంది, కొంచెం తక్కువ వేగానికి కూడా గాలిలో నిలుస్తుంది. ఎక్కువ శ్రేణిది బిరుసుగా ఉంటుంది, సెకనుకు 28 నుంచి 30 మీటర్ల వేగంతో చేతి నుంచి వెళ్లినప్పుడే తన గుణం చూపిస్తుంది. ఆ వేగం లేనివాడి చేతిలో అది తొందరగా ముక్కు వంచి నేలలో దిగబడుతుంది. కోణం కాస్త తప్పినా క్షమించదు. అందుకే 58 మీటర్లు విసిరేవాడికి 70 శ్రేణి ఈటె కొన్నాను. ఆ రోజు వాడి ముఖం చూడాల్సింది, పండక్కి కొత్తబట్టలడిగితే బడి దుస్తులు కుట్టించినట్టు ముడుచుకుపోయింది.

ఇక సరుకు చేరిన తీరు. రెండున్నర మీటర్లకు పైగా పొడవున్న వస్తువును మామూలు కొరియర్ వాళ్లు ముట్టుకోరు, లారీ పార్శిల్‌లోనే రావాలి. ఆర్డర్ చేసిన పన్నెండో రోజున పార్శిల్ ఆఫీసు నుంచి ఫోన్ వచ్చింది. ప్యాకింగ్ మాత్రం మెచ్చుకోదగ్గది. లావాటి ప్లాస్టిక్ పైపులో, మొనకు రబ్బరు తొడుగు వేసి, పట్టు దగ్గర నురుగు చుట్టి పంపారు, ఎక్కడా సొట్ట లేదు. ఇంటికి తీసుకురావడమే ఒక ప్రహసనమైంది. బస్సు కండక్టరు పైపును చూసి "బోరు పైపులు ఎక్కించం సార్" అన్నాడు. ఈటె అని చెప్పాక మరింత గట్టిగా వద్దన్నాడు. చివరికి తెలిసినవాళ్ల బండి మీద, నేను వెనక కూర్చుని పైపును భుజం మీద పెట్టుకుని, 22 కిలోమీటర్లు వచ్చాం. దారిలో ప్రతి మలుపు దగ్గరా ఎదురుగా వచ్చేవాళ్లు మాకంటే ముందే బ్రేకు వేశారు.

కొత్త ఈటె రాగానే విసరకుండా ముందు కొలవమని కొనేవాళ్లందరికీ నా సలహా. మా ఊరి కిరాణా కొట్టు ఎలక్ట్రానిక్ తూకం మీద బోర్లించిన ప్లాస్టిక్ డబ్బా పెట్టి, దాని బరువు సున్నా చేసి, ఈటెను అడ్డంగా ఆనించి తూచాం: 814 గ్రాములు. పోటీకి 800కు తగ్గకూడదు; తయారీదారులు సరఫరా చేసేటప్పుడు 805 నుంచి 825 గ్రాముల మధ్య ఉండాలని నిబంధన చెబుతుంది, కాబట్టి ఇది దాదాపు మధ్యలో ఉంది. దర్జీ టేపు రెండుసార్లు పరిచి కొలిస్తే పొడవు 2.64 మీటర్లు. బట్టలారేసే తాడుతో ఉచ్చు వేసి, దూలానికి వేలాడదీసి, ఈటె అటూ ఇటూ ఒరగకుండా నిలిచిన చోట పెన్సిల్‌తో గీత పెట్టాం. అది మొన నుంచి 1.04 మీటర్ల దూరంలో ఉంది, తాడు చుట్టిన పట్టు కూడా నియమం ప్రకారం ఆ గీతను కప్పుతోంది. పదివేల లోపు ధరకు ఈ మూడు కొలతలూ కచ్చితంగా రావడం చిన్న విషయం కాదు. అంతకుముందు మా బడి గదిలో ఉన్న పాత ఈటె బరువు 847 గ్రాములు. దానితో రెండేళ్లు సాధన చేసి, భుజం నొప్పి అన్న పిల్లవాణ్ణి నేను బద్ధకస్తుడనుకున్నాను. ఆడలేక మద్దెల ఓడు అన్నాడని తిడతాం గానీ, ఒక్కోసారి మద్దెల నిజంగానే ఓడై ఉంటుంది.

విసిరినప్పటి అనుభవం చెబుతాను. ఈటె పట్టులో తాడు కొత్తలో కొంచెం గట్టిగా, అరచేతికి గరుకుగా ఉంది. చూపుడు వేలు ఆనించే అంచు స్పష్టంగా తెలుస్తుంది, మధ్యవేలుతో పట్టేవారికి కూడా జారదు. మొదటి వారం మా వాడు పూర్తి పరుగుతో కాకుండా మూడు అంగలు వేసే విసిరాడు. ఫోన్‌లో నెమ్మది వేగంతో తీసి చూస్తే, పాత ఈటె తోక గాలిలో చేపతోకలా కొట్టుకునేది. దీని తోక చేతిని వదిలిన క్షణంలో రెండు మూడుసార్లు వణికి తర్వాత కుదురుకుంటోంది. ఆ వణుకు పూర్తిగా పోవాలంటే ఈటె మారితే చాలదు, భుజం నుంచి వేలికొస వరకు బలమంతా ఈటె గీత వెంటే వెళ్లాలి. పక్కకు లాగిన విసురుకు ఏ ఈటె అయినా వణుకుతుంది. కానీ తప్పు ఎంత జరిగిందో ఈ ఈటె చూపిస్తుంది, చూపించి కూడా కొంత మన్నిస్తుంది. నేర్చుకునేవాడికి కావాల్సింది అదే.

సెప్టెంబరులో ఒక పోటీ దగ్గర మరో క్రీడాకారుడి 85 శ్రేణి ఈటెను అరువు తీసుకుని, ఈ రెంటినీ ఒకే సాయంత్రం పోల్చి చూసే అవకాశం వచ్చింది. గాలి పెద్దగా లేదు. మా వాడు ఒక్కో ఈటెతో ఆరేసి సార్లు విసిరాడు. మాదానితో అన్నీ 56కూ 59కీ మధ్య పడ్డాయి. 85 శ్రేణిదానితో ఒకటి 57 దాటింది, మిగతావి 53, 54 దగ్గర ముక్కు పొడుచుకుని నిలువుగా దిగాయి. అవి దిగిన తీరు చూడటానికి బాగుంది. చుట్టూ ఉన్న పిల్లలు చప్పట్లు కూడా కొట్టారు. టేపు పట్టినవాడికి మాత్రమే నాలుగు మీటర్లు ఎక్కడ పోయాయో తెలిసింది. ఆ సాయంత్రం తర్వాత తొంభై మాట వాడి నోట మళ్లీ రాలేదు. ఇది ఒక్కడి మీద, ఒక్క సాయంత్రం చేసిన పరీక్ష కాబట్టి దీన్ని శాస్త్రమనను. కానీ పది, పదిహేను వేలు పోసి పెద్ద అంకె కొనాలనుకునే తల్లిదండ్రులు ముందు ఇలాంటి సాయంత్రం ఒకటి చూసుకుంటే మంచిది. దీనికి వ్యతిరేకమైన ఇబ్బంది కూడా ఉంది, అదీ చెప్పాలి. 70 దాటి విసిరేవాడు ఈ ఈటె వాడితే అది ముక్కు వంచడానికి ఆలస్యం చేసి, నేలకు సమాంతరంగా పడే ప్రమాదం ఉంటుంది. మొన ముందు తగలకపోతే ఎంత దూరం పోయినా ఆ విసురు లెక్కలోకి రాదు.

మన్నిక విషయంలో నా అభిప్రాయం మిశ్రమంగా ఉంది. మా మైదానంలో సగం ఎర్ర నేల, సగం నల్లరేగడి. వానాకాలంలో నల్లరేగడిలో ఈటె జానెడు లోతు దిగుతుంది. దాన్ని తీయడం పిల్లలకు మొదటి రోజే నేర్పాలి. ఈటె పక్కన నిలబడి, ముందు దాన్ని నిలువుగా తెచ్చి, నేలకు దగ్గరగా పట్టుకుని సూటిగా పైకి లాగాలి. ఒరిగి ఉన్నదాన్ని ఒరిగినట్టే తోక పట్టుకుని గుంజితే కాండం వంగుతుంది, ఒకసారి వంగిన అల్యూమినియం మళ్లీ తిన్నగా అవదు. ఎండాకాలంలో సమస్య వేరు. నేల పెంకులా గట్టిపడితే మొన దిగదు, ఈటె మొనతో తగిలి, జారి, తోక విసురుగా నేలను కొడుతుంది. ఏడాదిలో ఈ ఈటె తోక మీది రంగు పూర్తిగా లేచిపోయింది గానీ, కాండం వంగలేదు. తిన్నటి బల్ల మీద దొర్లించి చూస్తాను, ఇప్పటికీ ఎత్తెత్తి పడకుండా దొర్లుతోంది. ఎండాకాలంలో ఈటె పడే చోట ముందురోజు రాత్రి నీళ్లు కట్టించడం మొదలుపెట్టాక దెబ్బలు బాగా తగ్గాయి. మేకలు కూడా ఆ తడి గడ్డికే వచ్చి చేరాయి, వాటిని తోలడం వేరే పని అయింది. విసిరే దిశలో మనిషి గానీ పశువు గానీ లేరని నిర్ధారించుకోకుండా నేను ఈల వేయను.

ఇప్పుడు ఫిర్యాదు. నాలుగో నెలలో ఈటెను చేత్తో ఆడిస్తే తల దగ్గర టక్కుమనే చప్పుడు మొదలైంది. ఉక్కు తలకూ కాండానికీ మధ్య అతుకు వదులైంది, లోపలికి ఇసుక కూడా చేరింది. తల కదిలే ఈటెను ఏ అధికారీ పోటీకి అనుమతించడు, అనుమతించకూడదు కూడా. తయారీ సంస్థకు ఫోన్ చేస్తే ఫొటోలు పంపమన్నారు, పంపాను. వారం తర్వాత మళ్లీ చేస్తే వీడియో పంపమన్నారు, చప్పుడు వినబడేలా అదీ పంపాను. మూడోసారి ఫోన్ ఎత్తినాయన, గట్టి నేల మీద వాడినందువల్ల వచ్చిన లోపం కాబట్టి వారంటీ వర్తించదని మర్యాదగానే చెప్పాడు. అమ్మేటప్పుడు ఇచ్చిన కాగితంలో నేల గురించి ఒక్క ముక్క లేదు. ఈ దేశంలో ఎన్ని బడుల మైదానాలు పచ్చిక పరుపుల్లా ఉంటాయనుకుని ఈటెలు తయారుచేస్తున్నారో నాకు అర్థం కాలేదు. చివరికి తలను జాగ్రత్తగా ఊడదీసి, లోపల శుభ్రం చేసి, రెండు ట్యూబులు కలిపి వాడే ఎపాక్సీ జిగురుతో అతికించి, ఒక రోజంతా కదపకుండా ఉంచాం. మళ్లీ కొట్టుకు వెళ్లి తూచాం: 816. గురుత్వ కేంద్రం గీత దగ్గరే ఉంది. ఎనిమిది నెలలుగా మళ్లీ చప్పుడు లేదు. ఈటె నాణ్యతకు నేనిచ్చే మార్కుల్లో ఈ ఒక్క అతుకు దగ్గరే కోత పడుతుంది. అమ్మకం తర్వాతి సేవకు మాత్రం మార్కులు వేయడం నా వల్ల కాదు.

పట్టు తాడు సంగతి కొంచెం సరదా అయినది. ఆరో నెలలో చెమటకూ సుద్దపొడికీ నూలు నలిగి, ఒక కొస ఊడింది. దాన్ని సరిగ్గా చుట్టడం నాకు చేతకాలేదు, రెండుసార్లు చుట్టినా మధ్యలో ఉబ్బు వచ్చింది. మా ఊళ్లో తాటిచెట్లు ఎక్కే గౌడన్న ఒకాయన మోకు తానే అల్లుకుంటాడు. ఆయన దగ్గరికి తీసుకువెళితే ఈటెను మోకాలి మీద తిప్పుతూ, తాడును తడిపి, బిగించి, ఒక్క వరుస మీద ఇంకో వరుస ఎక్కకుండా పదిహేను నిమిషాల్లో చుట్టేశాడు. చివర్లో "ముడెక్కడ వెయ్యాలె సారూ?" అని అడిగాడు. ముడి ఉండకూడదన్నాను. పట్టు అంతటా ఒకే మందంలో ఉండాలని, ముడులూ ఉచ్చులూ గంట్లూ పనికిరావని, తాడు మందం కాండం మందాన్ని 8 మిల్లీమీటర్లకు మించి పెంచకూడదని నియమాల్లో ఉన్న మాట ఆయనకు చెప్పాను. ఆయన కాసేపు ఆలోచించి, కొసను చుట్ల కిందికే దూర్చి లాగి, మిగిలింది కోసేశాడు. చెట్టెక్కేవాడి ప్రాణమంతా ముడి మీదే ఉంటుంది, అలాంటివాడు ముడి లేకుండా బిగించి చూపించాడు. తయారీదారు చుట్టిన దానికంటే అది గట్టిగా ఉంది, పట్టు కోసం చివరి నెలల్లో సుద్దపొడి వాడకం కూడా తగ్గింది.

పోటీలకు తీసుకువెళ్లే విషయంలో ఒక సంగతి గుర్తుంచుకోవాలి. పెద్ద పోటీల్లో నిర్వాహకులే ఈటెలు సమకూరుస్తారు, పోటీదారులు వాటి నుంచి ఎంచుకుంటారు. సొంత ఈటె తీసుకువెళ్లడానికి వీలున్న చోట కూడా దాన్ని ముందుగా అధికారులకు అప్పగించి, కొలతలు తనిఖీ చేయించి, గుర్తు వేయించుకోవాలి. ఆ తర్వాత అది మైదానంలో ఉన్న పోటీదారులందరికీ అందుబాటులో ఉంటుంది. మన కుర్రవాడి ఈటెతో పక్కవాడు గెలిచినా ఏమీ అనడానికి లేదు. కాబట్టి ఈ ఈటె కొనేది ప్రధానంగా సాధన కోసమేనని అనుకోవాలి. అందుకే నిర్వాహకుల వరుసలో ఏ ఈటె తగిలినా చేతికి తేడా తెలిసేలా, అప్పుడప్పుడు వేరే శ్రేణివి కూడా నాలుగు విసిరించడం మంచిది. మాకు ఆ అవకాశం హనుమకొండ స్టేడియంలో సింథటిక్ ట్రాక్ మీద సాధన చేసే ఆదివారాల్లో దొరుకుతుంది. మట్టి మీద అలవాటైన కాలు అక్కడి రన్‌వే మీద మొదట జారినట్టనిపిస్తుంది, ఎడమకాలు గట్టిగా ఆగితేనే ఈటెకు వేగం వస్తుంది. ఆ ఆగడానికి పనికొచ్చే జావెలిన్ బూట్లు లేనివాళ్లు, డబ్బు పరిమితమైతే, ఈటె కంటే ముందు బూట్లే కొనాలని నేనంటాను. ఈటె నలుగురు పంచుకుని వాడవచ్చు, బూట్లు పంచుకోలేరు.

ఎవరికి ఈ ఈటె సరిపోతుందన్న ప్రశ్నకు నా జవాబు ఇది. 700 గ్రాములు వదిలి 800కు వచ్చిన అండర్-20 కుర్రవాడు, 50 నుంచి 65 మీటర్ల మధ్య విసిరేవాడు, దీన్ని సందేహం లేకుండా కొనవచ్చు. 65 దాటినవాడు 75 లేదా 80 శ్రేణి చూడటం మొదలుపెట్టాలి. 45 కూడా చేరనివాడికి ఇదీ ఎక్కువే, వాడికి 60 శ్రేణి చాలు. కొనే ముందు ఈటె ప్రపంచ అథ్లెటిక్స్ సమాఖ్య ధ్రువీకరణ ఉన్నదో కాదో అడగాలి. వారంటీ మట్టినేలకు వర్తిస్తుందో లేదో రాతపూర్వకంగా తీసుకోవాలి, నేను చేయని పని అది. బడులకు ఒకేసారి ఐదారు కొనేవాళ్లు అన్నీ ఒకే శ్రేణివి కొనకుండా, పిల్లల దూరాలు చూసి కలిపి కొంటే అదే డబ్బుకు ఎక్కువ ప్రయోజనం.

మా వాడు జనవరిలో 60 దాటాడు, ఏప్రిల్‌లో 63.18 విసిరాడు. దూరం కొలిచేటప్పుడు సెంటీమీటరులో మిగిలిన ముక్కను కిందికే వదిలేస్తారని వాడికి తెలుసు, అయినా టేపు మీదికి వంగి "పంతొమ్మిది కాదా సార్?" అని అడిగాడు. తోక మీది 70లో సున్నా ఎప్పుడో చెరిగిపోయింది, ఏడు ఒక్కటే సగం మిగిలింది. వచ్చే సీజన్‌కు 75 శ్రేణిది తెప్పిస్తున్నాను, ఈసారి వేరే తయారీదారు దగ్గర. డబ్బు కట్టేశాను. పార్శిల్ ఆఫీసుకు మాత్రం ఈసారి ట్రాలీ ఆటో మాట్లాడుకునే వెళ్తాను.